అరువు నాలుక

సాయంత్రం నాలుగున్నరకి
రంగనాయకులపేట గాలిగోపురం నీడ
సోడాబండి మీదికి జరిగే వేళకి
ఆరుగురు వస్తారు.
ఆరే. ఏడో మనిషొస్తే
సందులో నడక ఊరేగింపైపోతుంది.

మనిషికి ఎనిమిది వందలు, నీళ్ల సీసా నాదే.
గట్టి చెప్పులు వేసుకోండి, మధ్యాహ్నం తక్కువ తినండి
అని ముందురోజే ఫోన్లో చెప్తాను.
చెప్పనిది ఒకటుంది.
రెండేళ్ల కిందట జ్వరం పోతూ పోతూ
నా ముక్కునీ నాలుకనీ మూటగట్టుకుపోయింది.
బెల్లమూ సుద్దముక్కా ఒకటే నాకిప్పుడు.
పిల్లల ఫీజులు మాత్రం మారలేదు.

మొదట కారం దోసె.
"ఇది నోటికంటే ముందు చెవులకెక్కుతుంది" అని
కోయంబత్తూరాయన చెవులకేసి చూస్తూ నిలబడతాను.
ఎర్రబడ్డాయి.
హమ్మయ్య, కారం కారంగానే ఉంది.

చిన్నబజారులో మలాయ్ కాజా.
కెమెరా కుర్రాడు ఫోటో తీయడం మరిచి
వేలు నాకుతున్నాడు.
మీగడ ఈరోజు బాగా కుదిరిందన్నమాట.

మధ్యలో కథలు.
ఈ మిద్దె కాకిబంగారం వ్యాపారులదంట,
గోడ గీరితే ఇప్పటికీ మెరుస్తుందంట, గీరకండి.
స్టోన్‌హౌస్‌పేటలో రాతి మేడ ఏదని
ప్రతి గుంపులో ఒకరడుగుతారు.
రాయి కాదండీ, దొర పేరు, అంటాను.
నవ్వుతారు. నేనూ నవ్వుతాను,
నాలుగొందలోసారి.

తర్వాత చెంగమ్మ వాకిలి.
అయిదు చెక్క స్టూళ్లు, ఒక తిరగేసిన బకెట్టు,
కుండలో నిన్న రాత్రి దించిన కొరమేను పులుసు.
"ఏ పూటది ఆ పూటే తినేది తొందరోళ్లబ్బా,
చేప ఒక రాత్రి నిద్దర పోవాల"
అని తనే వడ్డిస్తుంది.

నేను ఆకుల్లోకి చూడను, మొహాల్లోకి చూస్తాను.
ఆరు మొహాలూ ఒక్కసారే మెత్తబడ్డాయి.
హుషారొచ్చింది నాకు.
"ఆ మామిడి ముక్క చూడండి,
చింతపండు పులుపు ముందు నడిస్తే
దీని పులుపు వెనకాల వస్తుంది,
అత్త వెనక కొత్తకోడలు లాగ."

కటకం నుంచొచ్చిన నివేదితగారు
వేళ్లతో పులుసంతా వెతికి
మెల్లిగా అన్నారు:
"ఇందులో మామిడి ముక్క లేదండీ."

చెంగమ్మ గరిటె ఆపింది.
"కాయలన్నీ పండిపోయె గదా నాయనా, వారమాయె.
నువ్వు రోజూ తింటానే ఉండావే!"

పొయ్యిలో పుల్ల చిటపటమంది.
ఆ చప్పుడుకి నేను దణ్ణం పెట్టుకోవచ్చు,
ఎవరో ఒకరు మాట్లాడారు కదా అని.

అక్కణ్ణించి పెన్న ఒడ్డుదాకా కథల్లేవు.
ఇసుక. సన్నటి నీటి పాయ.
రెండు తాళ్ల నడుమ మస్తానయ్య,
ఆరు తాటాకు దొన్నెలు. లెక్క తెలిసినవాడు.
"ఏడోది కూడా పొయ్యి" అన్నారు డాక్టరు కోదండపాణిగారు
ఇసుకలో గొంతుక్కూచుంటూ.

ఎవరూ ఏమీ అడగలేదు.
నివేదితగారు ఒక గుక్క తాగి,
ఏటికి చెప్తున్నట్టు అన్నారు:
"తడిసిన పలక.
పక్క గదిలో ఎవరో దబ్బకాయ ఒలుస్తున్నారు."
"కాదమ్మా, పులిసిన దోసెపిండి మీద మూత తీసినప్పుడు,
ఆ మొదటి ఊపిరి" అన్నారు డాక్టరుగారు.
"సోడా. కోపమొచ్చిన సోడా" అన్నాడు కుర్రాడు.
కోయంబత్తూరావిడ చాలాసేపు ఆలోచించి
"చిన్నప్పుడు కొరికిన మా అమ్మ ముక్కుపుడక" అంది.
ఆయన ఒప్పుకోలేదు. వాళ్లిద్దరికీ చిన్న తగువు.

దొన్నె ఎత్తాను.
నాలుక మీద చీమలబారు.
అది రుచి కాదు, నాకు తెలుసు, బుడగలు.
అయినా ఒక్కో చీమా ఒక్కో గింజ మోస్తోంది:
పలక, దబ్బకాయ, పిండి, ముక్కుపుడక.

"ఎట్టుండాది సామీ?" అనడిగాడు మస్తానయ్య,
రోజూ అడిగినట్టే.
రోజూ బాగుందంటాను.

"ఉండన్నా" అన్నాను,
"వీళ్లింకా తేల్చలేదు."